గోదారి మాస్టారి జవాబులు: పాపిడి మునగదమ్మా

ప్రశ్న: మాస్టారూ, నమస్కారం. మా నాన్నగారు పెళ్లికి ముందు రాజమండ్రి నుంచి భద్రాచలం లాంచీలో వెళ్లారట. పాపికొండల ముచ్చట్లు ఇప్పటికీ చెబుతుంటారు. ఆయనకిప్పుడు 74 ఏళ్లు, మోకాళ్ల నొప్పులు. పోలవరం నిండితే ఆ కొండలు మునిగిపోతాయని అందరూ అంటున్నారు. ఈలోపే ఆయన్ని ఇంకోసారి తీసుకెళ్లాలని నా ఆశ. పిల్లలకేమో జలపాతం కావాలి. ఆగస్టులో వరసగా మూడు రోజులు సెలవులొస్తున్నాయి. వెళ్లొచ్చా?
– ఓ పాఠకురాలు, కూకట్‌పల్లి

జవాబు: ఆగస్టు వద్దమ్మా. ఆ నెలలో గోదారి మన మాట వినదు. పైన ప్రాణహిత, ఇంద్రావతి, కూనవరం దగ్గర శబరి, ఇన్ని నదుల నీళ్లు కలిసి ఆ కొండల సందులోంచే దిగాలి. రాజమండ్రి వంతెన మీంచి చూస్తే అవతలి గట్టు మసకమసగ్గా కనపడేంత వెడల్పున్న నది, అక్కడ కొన్నిచోట్ల రెండు మూడు వందల మీటర్లకు ముడుచుకుపోతుంది. పక్కకు పరుచుకోడానికి చోటులేని నీరు లోతుకు తవ్వుకుంటుంది, పైకి లేస్తుంది, సుడులు తిరుగుతుంది. భద్రాచలం దగ్గర 43 అడుగులకు మొదటి హెచ్చరిక, 48కి రెండోది, 53కి మూడోది ఇస్తారు. 1986 ఆగస్టులో 75.6 అడుగులు, 2022 జులైలో 71.3 అడుగులు వచ్చింది. పేపర్లో ఆ అంకెలు కనిపిస్తున్నన్నాళ్లూ టిక్కెట్ల జోలికి పోకండి.

నేను దేవీపట్నం మండలంలో ఓ ఆశ్రమ పాఠశాలలో పదకొండేళ్లు పాఠాలు చెప్పాను. జీతానికి, కూరగాయలకి, జ్వరం మందులకి, అన్నిటికీ లాంచీయే. కచ్చులూరు దగ్గరికి వచ్చేసరికి మా లాంచీ నడిపే సరంగు మాట్లాడ్డం మానేసేవాడు. లోతుగా సుడులు తిరిగే ఆ చోటుని మందం అంటారు. ఒకసారి శ్రావణంలో ఎర్రనీరు గట్టిగా ఉన్న రోజు, మందం ముందే లాంచీని ఒడ్డున చెట్టుకి కట్టేసి, బీడీ ముట్టించి నీళ్లకేసి చూస్తూ కూర్చున్నాడు. లోపల పెళ్లివారున్నారు, ముహూర్తం దాటిపోతోందని ఒకటే గొడవ. అతను కదల్లేదు. రెండు గంటల తర్వాత నీటి మీద నురగ ఎటు పోతోందో చూసుకుని, అప్పుడు తాడు విప్పాడు. ఆ మనిషికి నేనీ రోజుకీ దణ్ణం పెట్టుకుంటాను. 2019 సెప్టెంబరు 15న అదే కచ్చులూరు దగ్గర 77 మందితో వెళ్తున్న బోటు మునిగితే 26 మందే బతికారు. ఆ బోటు బయటికొచ్చేసరికి అక్టోబరు 22 అయింది. కాబట్టి నాన్నగారికి లైఫ్‌ జాకెట్ మీరే దగ్గరుండి కట్టండి. ఒడ్డు వదిలిన దగ్గర్నుంచి మళ్లీ ఒడ్డెక్కే వరకూ ఉక్కగా ఉందన్నా విప్పనివ్వకండి. వరద రోజుల్లో బోట్లు ఎలాగూ ఆపేస్తారు. కార్తీకం వెళ్లాక, ఎర్రనీరు దిగి నది పచ్చగా తేరుకున్నాక రండి. ధనుర్మాసంలో పొద్దున్నే మంచు నీటి మీద పాకుతూ ఉంటుంది, శాలువా మాత్రం మరచిపోవద్దు.

ఇక మునిగిపోవడం గురించి. ఈ ప్రశ్న నాకు నెలకి పది ఉత్తరాల్లో వస్తోంది. కొండలు మునగవమ్మా. పోలవరం పూర్తి నీటిమట్టం సముద్రమట్టానికి 45.72 మీటర్లు, అంటే 150 అడుగులు. ఆ కొండలు వందల మీటర్ల ఎత్తు. మునిగేది కొండ కాదు, కొండ పాదం దగ్గర కాపురముండేవాళ్లు. 370కి పైగా ఊళ్లు, లక్షకు పైగా కుటుంబాలు ఈ లెక్కలో ఉన్నాయి. 2021 జూన్‌లో నదిని పోలవరం గేట్లున్న స్పిల్‌వే మీదికి మళ్లించాక దేవీపట్నం వీధుల్లోకి నీళ్లొచ్చాయి. నేను పెసరట్లు తిన్న పాక, ఉత్తరాలు వేసిన డబ్బా, అవన్నీ నీళ్లకింద ఉన్నాయి. బోటులో చాలామంది తలలు పైకెత్తి శిఖరాల ఫొటోలు తీసుకుంటారు. శిఖరాలు ఎక్కడికీ పోవు. చూడాల్సింది ఒడ్డు. అక్కడి చింతచెట్లు, మెట్లు, ఒంటరిగా మిగిలిన గుడి గోపురం, వాటిని నాన్నగారికి చూపించండి. ఆయన ఎక్కిన రేవులు ఏవో ఆయనే చెబుతారు, రాసిపెట్టుకోండి. ఎండాకాలంలో లాంచీ ఇరుక్కుంటే దిగి తోసిన ఇసుకతిన్నెలు ఆయనకు గుర్తుండే ఉంటాయి. అవి మాత్రం కనిపించవు, ముందే చెప్పి తీసుకురండి.

పాపికొండలన్న పేరులో పాపం ఏమీ లేదు. ఆడవాళ్లు తల దువ్వి తీసిన పాపిడిలా నది రెండు పాయల అడవి మధ్యనుంచి వస్తుందని పాపిడికొండలన్నారు, నోట నలిగి పాపికొండలైంది. ఇంగ్లీషువాళ్లు అడవిదున్నల్ని చూసి బైసన్ కొండలని రాసుకున్నారు. నాకు మనవాళ్ల పేరే ఇష్టం. 2008లో జాతీయ పార్కు అయింది, వెయ్యి చదరపు కిలోమీటర్ల పైచిలుకు అడవి. బోటులోంచి కనపడేది దాని అంచు మాత్రమే. మద్ది, వేగిస, వెదురు, మధ్యలో చేప తోకలాంటి ఆకులతో జీలుగు చెట్లు. జీలుగు కనిపిస్తే దగ్గర్లో కొండరెడ్లనే గిరిజనుల ఇల్లు ఉందని మేం అనుకునేవాళ్లం. ఆ చెట్టు కల్లు వాళ్లకి వేసవిలో సగం తిండి.

పేరంటాలపల్లిలో దిగితే శివాలయం, వెనక కొండమీంచి దూకే సన్నటి జలపాతం ఉన్నాయి. నాన్నగారికి ఎక్కడం కష్టమైతే కింద అరుగు మీద కూర్చోబెట్టండి, నీటి చప్పుడు అక్కడికీ వినిపిస్తుంది. పిల్లలకు తనివితీరా జలపాతం చూపించాలంటే రెండోరోజు కారులో గోకవరం మీదుగా రంపచోడవరం పోయి, పక్కనే ఉన్న రంప జలపాతానికి వెళ్లండి. వేసవిలో సన్నబడుతుంది గానీ ఎండదు. పాకుడు పట్టిన రాయి పొడిగా ఉన్నట్టే కనిపిస్తుంది, పిల్లల చెయ్యి వదలొద్దు.

ప్రశ్న: రంప పితూరీకీ, అంటే ఆనాటి తిరుగుబాటుకీ, ఈ రంప జలపాతానికీ ఏమన్నా సంబంధం ఉందా సార్?
– డిగ్రీ విద్యార్థి, కాకినాడ

జవాబు: ఊరు ఒక్కటే తమ్ముడూ. 1879లో పితూరీ లేచింది ముఖ్యంగా కల్లు మీద పన్నుకి. దాన్ని చిగురుపన్ను అనేవారు. ఇందాక చెప్పిన జీలుగు చెట్టు కొండవాళ్లకి పాడి ఆవులాంటిది. దాని గీతకు పన్ను కట్టమంటే ఊరుకుంటారా? మద్రాసు నుంచి సైన్యాన్ని దించాల్సి వచ్చింది. 1882 అటవీ చట్టం వచ్చాక పోడు కొట్టుకోవడం నేరమైంది. ఆ కడుపుమంటే 1922లో అల్లూరి సీతారామరాజు వెనక జనాన్ని నిలబెట్టింది. ఆ ఆగస్టు 22న చింతపల్లి పోలీసు స్టేషన్‌తో మొదలై వరసగా కృష్ణదేవిపేట, రాజవొమ్మంగి స్టేషన్ల మీద దాడులు చేశారు. 1924 మేలో ఆయన్ని కాల్చేశారు. జలపాతం చూసిన కళ్లతోనే రంప ఊళ్లోకి నడిచి రాళ్లతో కట్టిన పాత శివాలయం చూసిరా. సెల్ఫీల వాళ్లెవరూ అటు రారు, నెమ్మదిగా కూర్చోవచ్చు.

ప్రశ్న: పోయినేడు పేరంటాలపల్లిలో వెదురుతో చేసిన పూలు కొన్నాం. ఈ వానల్లో బూజు పట్టి, కాడల్లోంచి పిండి రాలుతోంది. పారెయ్యాలా?
– గృహిణి, తణుకు

జవాబు: పారెయ్యకండి తల్లీ. ఆ పిండి పుచ్చుపురుగుది. వెదురులో తీపి ఎక్కువుంటే పురుగు చేరుతుంది. అందుకే మా బడి పక్కన బుట్టలల్లే తాత వానాకాలం వెదురు ముట్టేవాడు కాదు, చలికాలంలో వెన్నెల లేని రోజులు చూసి కొట్టేవాడు. పొడిగుడ్డతో బూజు తుడిచి, ఎండలో రెండు రోజులు పెట్టండి. తర్వాత కాడల కన్నాల్లో వేపనూనె దూదితో అద్దండి. పురుగు బలిసిన కాడ ఒకటి రెండు తీసేస్తే మిగతావి నిలుస్తాయి. మళ్లీ అటు వెళ్తే అమ్మే ఆవిడతో బేరమాడకండి, ఒక పువ్వుకి వెదురు చీల్చడంలోనే ఆవిడ వేళ్లు ఎన్నిసార్లు కోసుకుంటాయో దగ్గర కూర్చుని చూశాను.