బ్యాంకు ఉద్యోగమూ నక్షత్ర పరిశీలనా

ప్రశ్న: నేను హైదరాబాదులో బ్యాంకు అధికారిని. వయసు 51. చిన్నప్పటి నుంచి నక్షత్రాలను చూడడమంటే ప్రాణం. ఈమధ్య ఉద్యోగంలో ఉత్సాహం తగ్గింది. స్వచ్ఛంద పదవీ విరమణ తీసుకుని ఖగోళ పరిశీలనలోనే శేషజీవితం గడపాలని ఉంది. ఇంట్లో వారు ‘దానివల్ల ఏమి ఒరుగుతుంది?’ అంటున్నారు. మీ సలహా ఏమిటి?
– ఒక పాఠకుడు, మల్కాజిగిరి

జవాబు: ఉద్యోగం ఇప్పుడే మానవద్దు. జీతం ఆగిన మరునాటి నుంచి మీ ఆసక్తి ఇంటి ఖర్చులకు సైతం జవాబు చెప్పుకోవలసి వస్తుంది. ఇంట్లో వారి భయమూ బహుశా అదే. ఉద్యోగంలోని విసుగుకు కారణమేమిటో విడిగా ఆలోచించండి.

హైదరాబాదు ప్రముఖుడు నవాబు జఫర్ జంగ్ 15 అంగుళాల దూరదర్శిని కొని, 1901లో ఫిసల్‌బండలో వేధశాల నెలకొల్పారు. 1907లో ఆయన మరణించగా, మరుసటి ఏడు నిజాం ప్రభుత్వం దాని బాధ్యత స్వీకరించింది. అంతర్జాతీయ నక్షత్ర పటాల పథకంలో ఆ నిజామియా వేధశాల ఏళ్ల తరబడి పాలుపంచుకుంది. ఆయనకు సంపద ఉందన్నది నిజమే. కానీ ఆ వేధశాల నిలవడానికి, అక్కడి పని ఒక మనిషి ఆయుష్షులో తీరేది కాకపోవడమూ కారణమని నా నమ్మకం. మీ ఆసక్తికి కూడా అటువంటి పని కావాలి, ఎందుకంటే కేవలం చూసి ఆనందించడం కొన్నాళ్లకు పలచబడుతుంది.

కాంతి మారే నక్షత్రాలను, అంటే చరతారలను ఎంచుకోండి. 2019 చివర నుంచి 2020 ఫిబ్రవరి దాకా ఆర్ద్రా నక్షత్రం అసాధారణంగా మసకబారినప్పుడు, ఆ మార్పును రాత్రి వెంట రాత్రి నమోదు చేసిన వారిలో ఎందరో ఔత్సాహికులు ఉన్నారు. చలికాలపు సాయంత్రాలలో నగరపు దీపకాంతిని దాటుకుని మీ డాబా మీదికి కూడా ఆర్ద్ర కనిపిస్తుంది. రోహిణి వంటి నక్షత్రాలతో పోల్చి దాని కాంతిని అంచనా వేయడానికి కళ్లే చాలు. తేదీ, సమయం, అంచనా రాసుకుని, 1911లో ఏర్పడిన అమెరికా చరతారల పరిశీలకుల సంఘానికి పంపండి. ఏ దేశపు ఔత్సాహికుల నుంచైనా వారు వివరాలు స్వీకరిస్తారు.

వర్షాకాలంలో ఆకాశం మూసుకుపోయి, పని తెగిపోతుంది. ఆ విరామం తరువాత కూడా మీ అంతట మీరే ఆ అంచనాల పుస్తకం తెరుస్తున్నారా అన్నది గమనించండి. అలా రెండు మూడేళ్లు గడిచాక, పింఛను లెక్కలు ముందు పెట్టుకుని, పదవీ విరమణ గురించి ఇంట్లో వారితో కూర్చుని మాట్లాడండి.