చలనచిత్ర, టెలివిజన్ నిర్మాతగా రామోజీరావు ప్రస్థానం ఎలా సాగింది?

చెరుకూరి రామోజీరావు 1936 నవంబరు 16న కృష్ణా జిల్లా పెదపారుపూడిలో ఒక రైతు కుటుంబంలో జన్మించారు. మార్గదర్శి చిట్‌ఫండ్‌తో వ్యాపారంలో స్థిరపడి, 1974లో విశాఖపట్నం నుంచి ఈనాడు దినపత్రికను ప్రారంభించిన తరువాతే ఆయన సినిమా వైపు వచ్చారు.

ఉషాకిరణ్ మూవీస్ సంస్థపై నిర్మించిన తొలి చిత్రం, జంధ్యాల దర్శకత్వంలో 1984లో విడుదలైన ‘శ్రీవారికి ప్రేమలేఖ’. అగ్రతారల కంటే కథను నమ్ముకోవడమే ఆ సంస్థ ప్రత్యేకత అని చెప్పవచ్చు. ప్రమాదంలో కాలు పోగొట్టుకున్న నర్తకి సుధాచంద్రన్ జీవితాన్ని ఆధారం చేసుకొని, ఆమెనే కథానాయికగా నిలిపి ‘మయూరి’ తీయడం అప్పటి వాణిజ్య లెక్కల ప్రకారం సాహసమే. ‘ప్రతిఘటన’, ‘చిత్రం’ కూడా ఆ కోవలోనివే. 2000లో వచ్చిన ‘నువ్వే కావాలి’ ఉత్తమ తెలుగు చిత్రంగా జాతీయ పురస్కారం పొందింది.

1995లో ఆరంభమైన ఈటీవీతో ఆయన టెలివిజన్ రంగంలోకి ప్రవేశించారు. స్క్రిప్టుతో వచ్చిన దర్శకుడు పూర్తయిన సినిమాతో వెళ్లగలిగేలా, సెట్లు మొదలుకొని ఎడిటింగ్ వరకు అన్ని వసతులనూ ఒకేచోట సమకూర్చిన రామోజీ ఫిల్మ్ సిటీ ఆ మరుసటి ఏడాది హైదరాబాదు శివార్లలో వెలిసింది. దానినే ఆయన కృషిలో అన్నిటికన్నా పెద్దదిగా భావించాలి. ప్రపంచంలోకెల్లా పెద్ద స్టూడియో సముదాయంగా అది గిన్నిస్ రికార్డులకెక్కింది.

2016లో పద్మవిభూషణ్ అందుకున్న రామోజీరావు 2024 జూన్ 8న హైదరాబాదులో కన్నుమూశారు.