నవంబరు 19న ఏం జరిగిందో మా స్కూల్ ఆయా చెప్పింది

మీ ప్రశ్న: వేర్వేరు సంవత్సరాల్లో ఒకే తేదీన జరిగిన పెద్ద సంఘటనలు ఏమున్నాయి, అలా కలవడం వెనక ఏదైనా కారణం ఉంటుందా, లేక కాకతాళీయమేనా అని.

చాలావరకు కాకతాళీయమే. ఇంత ధైర్యంగా ఎందుకు చెబుతున్నానంటే, నేను విజయవాడలో ఒక ప్రైవేటు స్కూల్లో ఇరవై ఏళ్లకు పైగా సోషల్ చెబుతున్నాను. చేరిన ఏడాదే, ప్రార్థన జరిగే చోట ఉన్న నల్లబల్ల మీద 'చరిత్రలో ఈ రోజు' రాసే పని నా నెత్తిన పడింది. కొత్తగా వచ్చినవాళ్లకే ఇలాంటివి అంటగడతారు కదా. ఆ బల్ల దగ్గరే తేదీల సంగతి కాస్త వంటబట్టింది.

మొదట లెక్క చెబుతాను. ఉన్నవి 365 రోజులు, లీపు సంవత్సరమైతే ఇంకొకటి. చరిత్రలో రాసుకోదగ్గ సంఘటనలు వేలల్లో ఉన్నాయి. ఏ తేదీ తీసుకున్నా పది దొరక్కుండా పోవు. క్లాసులో 23 మంది ఉంటే చాలు, ఏ ఇద్దరి పుట్టినరోజో కలిసే అవకాశం సగానికి పైనే. 60 మంది ఉంటే 99 శాతం దాటుతుంది. పిల్లలు నమ్మరు. ఏటా తొమ్మిదో తరగతిలో ఒక్కొక్కరినీ లేపి తేదీ చెప్పిస్తాను, దాదాపు ప్రతిసారీ ఒక జత దొరుకుతుంది. (మా నాన్నగారి తరం మీద మాత్రం ఈ ప్రయోగం చేయకండి. బళ్లో వేసేటప్పుడు మాస్టారు తోచిన తేదీ రాసేసేవారు. మా నాన్నగారి సర్టిఫికెట్‌లో జులై 1 ఉంటుంది. ఆయన పుట్టింది సంక్రాంతి ముందు.)

అయినా కొన్ని తేదీలు చూస్తే ఒళ్లు జలదరిస్తుంది. జులై 4 తీసుకోండి. 1776లో అమెరికా స్వాతంత్ర్య ప్రకటన ఆ రోజే. సరిగ్గా 50 ఏళ్లకు, 1826 జులై 4న, ఆ ప్రకటన తయారుచేసిన కమిటీలో ఉన్న జెఫర్సన్, జాన్ ఆడమ్స్ ఇద్దరూ ఒకే రోజు కన్నుమూశారు. ఇద్దరూ అధ్యక్షులుగా చేసినవాళ్లే. 1831లో మన్రో అనే ఇంకో మాజీ అధ్యక్షుడు పోయిందీ జులై 4నే. మన దగ్గరికి వస్తే 1897లో అల్లూరి సీతారామరాజు పుట్టిన రోజు, 1902లో వివేకానందుడు బెంగాల్‌లోని బేలూరు మఠంలో తనువు చాలించిన రోజు. నేను అమెరికా, అల్లూరి రాసి చేతులు దులుపుకుంటే, అప్పటి మా తెలుగు మాస్టారు వచ్చి బల్ల వంక చూసి, "ఊళ్లో మనిషిని వదిలేశారేంటమ్మా?" అన్నారు. పింగళి వెంకయ్యగారు. 1921లో ఈ బెజవాడలోనే, కాంగ్రెస్ సమావేశాల సమయంలో గాంధీగారికి జెండా నమూనా చూపించిన మనిషి. 1963 జులై 4న ఈ ఊళ్లోనే పోయారు. సుద్దముక్క తీసుకుని మాస్టారే ఆ లైను రాశారు. నాకు సిగ్గేసింది.

కొన్ని తేదీలు వాటంతట అవి కలవవు, మనుషులే కలుపుతారు. 1930 జనవరి 26న పూర్ణ స్వరాజ్య దినం పాటించారు కాబట్టే, 1949 నవంబరు 26న ఆమోదించిన రాజ్యాంగాన్ని రెండు నెలలు ఆపి 1950 జనవరి 26న అమల్లోకి తెచ్చారు. మన ఆంధ్రప్రదేశ్, పక్కనున్న మైసూరు (ఇప్పటి కర్ణాటక), కేరళ 1956 నవంబరు 1నే ఏర్పడ్డాయంటే, అన్నింటికీ చట్టం ఒకటే, రాష్ట్రాల పునర్విభజన చట్టం. దీన్ని వింత అనుకోనక్కర్లేదు. అదే జనవరి 26న, 2001లో, జెండా పండుగ వేళ భుజ్ దగ్గర భూకంపం వచ్చింది చూశారూ, అది కాకతాళీయం.

ఇంకో రకం ఉంది. తేదీ ఒకటే, రోజు మాత్రం వేరు. షేక్స్‌పియర్, సెర్వాంటెస్ ఇద్దరూ 1616 ఏప్రిల్ 23న ఒకే రోజు పోయారని నేను బల్ల మీద గొప్పగా రాశాను. తప్పు. స్పెయిన్ 1582లోనే కొత్త క్యాలెండరుకు మారింది, ఇంగ్లండు 1752 దాకా పాతదే వాడింది. అప్పటికి రెండింటికీ తేడా 10 రోజులు. పైగా సెర్వాంటెస్ పోయింది 22న, ఖననం 23న అంటారు. మర్నాడు నేనే దిద్దుకున్నాను. పిల్లలకు ఆ దిద్దుబాటు భలే నచ్చింది, టీచర్ తప్పు దొరికితే వాళ్లకు పండగే.

నేను అసలు చెప్పాలనుకున్నది నవంబరు 19 గురించి.

ఆ మొదటి ఏడాది ఆ రోజుకి బల్ల నిండిపోయింది. ఝాన్సీ లక్ష్మీబాయి జయంతి, 1917లో ఇందిరాగాంధీ పుట్టుక, 1863లో లింకన్ గెటిస్‌బర్గ్ ప్రసంగం. 1969 ఒక్క ఏడాదిలోనే ఆ రోజు రెండు: అపోలో 12 చంద్రుడి మీద దిగింది, బ్రెజిల్‌లో పెలే తన వెయ్యో గోల్ కొట్టాడు. అక్షరాలు గుండ్రంగా వచ్చాయని నాలో నేనే మురిసిపోతున్నాను. మా ఆయా వరండా తుడుస్తూ వచ్చి, చీపురు పట్టుకునే నిలబడి మొత్తం చదివింది. ఆవిడది కోడూరు వైపు.

"ఉప్పెనొచ్చిన రోజు రాయలేదేం టీచర్‌గారూ? ఇయ్యాళే కదా."

1977 నవంబరు 19, శనివారం. దివిసీమ ఉప్పెన. నాకు ఉప్పెన తెలియక కాదు. మా అమ్మ పుట్టిల్లు నాగాయలంక దగ్గరే. అమ్మ పిన్ని, ఆవిడ కూతురు ఆ నీళ్లలోనే పోయారు. పిన్నిగారి అబ్బాయి, నాకు మావయ్య, బెజవాడలో హాస్టల్లో ఉండి చదువుకోవడం వల్ల మిగిలాడు. ఏటా వాళ్లింట్లో తద్దినానికి మేమందరం వెళ్తాం. కానీ అది కార్తీక శుద్ధంలో, తిథి ప్రకారం. ఒక ఏడు అక్టోబరు ఆఖరులో పడుతుంది, ఇంకో ఏడు నవంబరు మధ్యలో. ఆ ఏడు అప్పటికే అయిపోయింది కూడా. నేను వెళ్లి గారెలు తిని వచ్చాను. ఆ తద్దినం, ఈ నవంబరు 19 ఒకే రోజువని నా బుర్రలో ఎప్పుడూ కలవలేదు.

సాయంత్రం ఇంటికెళ్లి అమ్మని అడిగాను, నవంబరు 19 అంటే ఏంటి అని. "ఏమో, ఇందిరమ్మ పుట్టినరోజు కదూ" అంది. ఉప్పెన ఎప్పుడొచ్చింది అంటే మాత్రం తడుముకోలేదు. "దీపావళి వెళ్లిన రెండో వారం. దీపాలు పెట్టే నెల."

ఆ రాత్రి మావయ్యకు ఫోన్ చేశాను. ఆయన ఎప్పుడూ ఎక్కువ మాట్లాడడు, ఆ రోజు మాట్లాడాడు. బెజవాడలోనూ గాలికి హాస్టల్ కిటికీలు కొట్టుకున్నాయట, కరెంటు పోయిందట. అయినా తుపానే అనుకున్నారు, సముద్రం ఊళ్లోకొచ్చిందని ఎవరికీ తెలియదు. రెండు రోజులకు కబురు తెలిస్తే దొరికిన బస్సులో వెళ్లి, రోడ్డు ఎక్కడ తెగితే అక్కణ్ణుంచి నడిచాడు. ఉప్పెన కెరటం 5 మీటర్ల దాకా లేచింది. చనిపోయినవాళ్లు అధికారిక లెక్కలోనే 10,000 వరకు. సొర్లగొంది లాంటి ఊళ్లు తుడిచిపెట్టుకుపోయాయి. తాటిచెట్టు పట్టుకున్నవాళ్లు బతికారు. వాళ్లమ్మ దొరికింది, చెల్లెలు దొరకలేదు. దొరకని పిల్లకి ఏ రోజు పెట్టాలో తెలియక, అమ్మ తిథినే పెట్టుకున్నాడు. తేదీ గురించి అడిగితే, "అది గవర్నమెంటుది లేవే" అన్నాడు.

తర్వాత నేను ఊరుకోలేక ఇంకొంచెం వెతికాను. అదే శనివారం సాయంత్రం ఈజిప్టు అధ్యక్షుడు సాదాత్ ఇజ్రాయెల్‌లో విమానం దిగాడు. అరబ్ దేశాధినేత ఒకరు అక్కడ అడుగుపెట్టడం అదే మొదటిసారి. 1979లో రెండు దేశాల మధ్య శాంతి ఒప్పందానికి దారితీసిన ప్రయాణం అది. ఏ భాషలో 'చరిత్రలో ఈ రోజు' జాబితా చూసినా 1977 పక్కన సాదాత్ కనిపిస్తాడు. మనది కొన్నింట్లో ఉంటుంది, కొన్నింట్లో ఉండదు. అందుకే మీకు నా సలహా: అలాంటి జాబితా చూస్తే, ముందు ఎవరు కూర్చారో చూడండి. తర్వాత మీ ఇంట్లో పెద్దవాళ్లని అడగండి. తేదీ చెప్పి అడగొద్దు, తిథి చెప్పో పంట చెప్పో అడగండి.

అప్పటినుంచి ప్రతి నవంబరు 19కి మొదటి లైను ఉప్పెనదే. ఆయా రిటైరై వెళ్లిపోయింది, ఆ లైను మాత్రం అలాగే ఉంది. 2021లో అదే రోజున కడప జిల్లాలో అన్నమయ్య ప్రాజెక్టు కట్ట తెగి చెయ్యేరు నది ఊళ్లమీద పడ్డాక దాని కింద ఇంకో లైను చేరింది.

2024లో రాస్తుంటే ఎనిమిదో తరగతి కుర్రాడొకడు వెనక నిలబడి, "టీచర్, పోయినేడు ఇదే రోజు అహ్మదాబాద్‌లో వరల్డ్ కప్ ఫైనల్ ఓడిపోయాం, అదీ రాయండి" అన్నాడు. వాడి మొహం చూస్తే నిజంగానే ఇంకా తేరుకున్నట్టు లేడు. సుద్దముక్క వాడికే ఇచ్చి, కింద, చిన్న అక్షరాలతో రాసుకోమన్నాను.