బైకు అద్దం ఏమైంది?

తమ్ముడూ,

నీ ఇటుక బట్టీ కథ మంగళవారం అందింది. రెండుసార్లు చదివాను. పొగ బాగుంది. మట్టి తొక్కే ఆవిడ పాదాల పగుళ్లు బాగున్నాయి. అయినా చదవడం అయ్యాక ఏదో వెలితి. అదేమిటో పట్టుకోవడానికి నాకు రెండు రోజులు పట్టింది, అదీ ఒక ఇంగ్లిష్ పాట పుణ్యమా అని. నవ్వకు. మా అమ్మాయి షెఫీల్డ్‌లో ఎమ్మెస్ చదివేటప్పుడు, "నాన్నా, ఇది ఈ ఊరి బ్యాండ్. మాటలు చూసుకుంటూ విను" అని పంపిన పాట. అప్పట్లో సగమే తలకెక్కింది.

పాట పేరు 'కామన్ పీపుల్'. బ్యాండ్ పేరు పల్ప్. మాటలు రాసి పాడినవాడు జార్విస్ కాకర్. లండన్ సెయింట్ మార్టిన్స్ కాలేజీలో సినిమా చదువుకునే రోజుల్లో అతనికో అమ్మాయి పరిచయమైంది. లండన్‌లోనే అప్పట్లో బీదవాళ్ల పేటైన హాక్నీకి మారిపోయి 'మామూలు జనం'లా బతకాలనుందని ఆ అమ్మాయి ఒకసారి అంది. ఆ ఒక్క ముక్కా అతని చెవిలో ఏళ్ల తరబడి ఉండిపోయింది.

పాటలో ఆమె గ్రీసు నుంచి వచ్చిన డబ్బున్న పిల్ల. ఆమెను అతను సూపర్‌మార్కెట్‌కి తీసుకెళ్తాడు. చేతిలో డబ్బు లేనట్టు నటించమంటాడు. ఆమె నవ్వేస్తుంది. ఇక్కడ ఇంకెవరూ నవ్వుతున్నట్టు లేదే అంటాడు ఇతను. ఆ తర్వాత పడుతుంది అసలు దెబ్బ: నువ్వు ఎంత చవక గదిలో ఉన్నా, మీ నాన్నకి ఒక్క ఫోన్ కొడితే ఈ కష్టమంతా ఆగిపోతుంది. నింపాదిగా మొదలైన పాట పోనుపోను వేగం పుంజుకుంటుంది. చివరికొచ్చేసరికి ఎగతాళి పోయి కోపం మిగులుతుంది.

ఆ ఫోన్ సంగతి వినగానే నాకు మాత్రం చీరాల గుర్తొచ్చింది.

ముప్పయ్యేళ్ల వయసులో అక్కడికి దగ్గర్లో ఒక నేత ఇంట్లో నాలుగు రోజులున్నాను, కథ కోసం. రాశాను, బహుమతి కూడా వచ్చింది. కథలో గుంట మగ్గం ఉంది, పడుగూ పేకా ఉన్నాయి, ఆయన దగ్గు ఉంది. ఆ నాలుగు రోజులూ ఆ ఇంటావిడ నా టీ కోసం పక్కింట్లో పాలు అప్పు తెచ్చిన సంగతి మాత్రం లేదు. తెలియక కాదు. గ్లాసు కొంగు కింద దాచుకుని వెనక గుమ్మంలోంచి రావడం నా కళ్లతో చూశాను. రాస్తే కథలోకి నేను కూడా వచ్చేస్తానని వదిలేశాను. ఐదో రోజు పొద్దున్నే బస్సెక్కాను. వాళ్లు ఎక్కడానికి ఏ బస్సూ లేదు.

ఇప్పుడు నీ కథ. ఫోన్లో నువ్వు నాకొక మాట చెప్పావు, గుర్తుందా? బట్టీ దగ్గర ఒక పిల్లాడు నీ బైకు అద్దంలో మొహం చూసుకుని, చెయ్యి పెట్టబోయి, నువ్వు తిరిగేసరికి చేతులు వెనక్కి పెట్టుకున్నాడని. ఆ పిల్లాడు కథలో ఏడి? బైకు ఏది? పొగని ఎవరు చూస్తున్నారో, ఎంతసేపు చూసి వెళ్లిపోతారో నీ కథలో ఎక్కడా లేదు.

జరిగింది జరిగినట్టు రాయమనడం లేదు సుమా. పాటలో ఆ అమ్మాయే ఇతని వెంట పడుతుంది. నిజానికి తనే ఆమె వెంట పడ్డాననీ, ఆమె పట్టించుకోలేదనీ కాకరే చెప్పాడు. ఆమె అన్న ఆ ఒక్క మాట పట్టుకుని మిగతాది తనకు కావలసినట్టు తిప్పుకున్నాడు. నువ్వూ తిప్పుకో. పిల్లాణ్ణి ఆడపిల్లని చెయ్యి, బైకుని కారు చెయ్యి, నాకేం అభ్యంతరం లేదు.

కథ ఏ పత్రికకు పంపాలి, పుస్తకం ఎప్పుడు వేసుకోవచ్చు అని కూడా అడిగావు. కాకర్ పదిహేనేళ్ల కుర్రాడిగా బ్యాండ్ పెట్టింది 1978లో. ఈ పాట విడుదలైంది 1995 మే 22న. లెక్క నువ్వే వేసుకో. మొదటి ఆల్బమ్ 1983లో వచ్చింది, ఎవరూ పెద్దగా పట్టించుకోలేదు. ఈ పాట బాణీ పుట్టింది కూడా నాటింగ్ హిల్‌లో సెకండ్‌హ్యాండ్‌లో కొన్న చిన్న కేసియో కీబోర్డు మీద. వినిపిస్తే బ్యాండ్‌లో అందరికీ నచ్చిందా అంటే అదీ లేదు. కీబోర్డు వాయించే కాండిడా డాయిల్‌కి మాత్రం వెంటనే పట్టేసింది. రికార్డింగుకు ముందే, 1994 ఆగస్టులో రెడింగ్ ఫెస్టివల్‌లో జనం ముందు పాడి చూసుకున్నారు. నువ్వు కథని ఇంట్లో ఎవరికైనా పైకి చదివి వినిపించావా?

కానీ చేతికొచ్చాక మాత్రం ఆలస్యం చెయ్యలేదు. ఆల్బమ్ అక్టోబరు చివరికి గానీ రాలేదు, ఈ ఒక్క పాటని మాత్రం సింగిల్‌గా, విడిగా, మే నెలలోనే వదిలారు. డబ్బున్నవాళ్లు బీదతనాన్ని సరదాగా చూసే ఆ ధోరణి అప్పుడు గాల్లో ఉందని అతనికి అనిపించింది. నాకు తెలిసి మంచి కథలు ఫైళ్లలో ముక్కిపోవడానికి సగం కారణం, సంపుటిలో వేద్దాంలే అని అట్టిపెట్టుకోవడమే.

అంత చేసీ ఆ పాట బ్రిటన్ పాటల అమ్మకాల చార్టుల్లో రెండో స్థానంలోనే ఆగింది. పైన కూర్చున్నది ఎవరనుకున్నావు? ఇద్దరు టీవీ నటులు మళ్లీ పాడిన 1955 నాటి పాట! సంక్రాంతి పోటీలో సాధారణ ప్రచురణకు తీసుకున్నారని మొహం వేలాడేసుకున్నావు కదా, అందుకే చెప్తున్నా. నెల తిరగ్గానే, స్టోన్ రోజెస్ అనే ఇంకో బ్యాండ్ గిటారిస్టు సైకిల్ మీంచి పడి ఎముక విరగ్గొట్టుకుంటే, గ్లాస్టన్‌బరీ సంగీతోత్సవంలో వాళ్ల బదులు పల్ప్‌ని పిలిచారు. జూన్ 24 రాత్రి చివర్లో ఈ పాట ఎత్తుకుంటే మైదానమంతా గొంతు కలిపింది. యూట్యూబ్‌లో ఉంటుంది, చూడు.

కథ తిరిగి పంపుతున్నాను. నాలుగో పేజీలో పెన్సిల్‌తో గీత గీసిన చోట పిల్లాడు రావాలి. చివరి పేరా తీసెయ్, అది ఉపన్యాసం. ఉగాదికి మీ ఊరు వస్తున్నాను, అప్పటికి అమ్మకి చదివి వినిపించి ఉంచు. ఆవిడ ఎక్కడ ఊరుకుందో, ఎక్కడ లేచి స్టవ్ కట్టెయ్యడానికి వెళ్లిందో నాకు చెప్పాలి.

ఉంటాను,
అన్నయ్య