గురువారం రాత్రి ఆట, హోటల్లో టీవీ, సొంత ప్రైమ్ ఖాతా

ప్రశ్న: మాది డాలస్ దగ్గర ఫ్రిస్కోలో చిన్న ఆంధ్ర భోజన హోటల్. సుమారు 2,400 చదరపు అడుగులు ఉంటుంది. హాల్లో 65 అంగుళాల టీవీ ఒకటి, లోపలి ఫ్యామిలీ గదిలో 43 అంగుళాలది ఒకటి ఉన్నాయి. గురువారం రాత్రి అమెరికన్ ఫుట్‌బాల్ ఆట పెట్టమని కుర్రాళ్లు అడుగుతున్నారు. అది అమెజాన్ ప్రైమ్‌లో వస్తుంది. నా సొంత ఖాతాకు డబ్బు కడుతూనే ఉన్నాను. దాన్ని హోటల్ టీవీలో పెడితే తప్పా? డాలస్ కౌబాయ్స్ ఆడేరోజు మామూలు యాంటెన్నాకే ఉచితంగా వస్తుందని మిత్రుడు అంటున్నాడు, నిజమేనా? మనిషికి 10 డాలర్ల ఎంట్రీ పెట్టి మిరపకాయ బజ్జీలు అడిగినన్ని ఇద్దామని కూడా ఆలోచన. గుంటూరులో మా అన్నయ్య తన మెస్సులో క్రికెట్ పెడతాడు, ఇంతవరకు ఎవరూ అడగలేదు. ఇంకో సందేహం: వారం మధ్యలో వచ్చే ఆటను ఒక్క కంపెనీకే అమ్మేయడం గుత్తాధిపత్యం కాదా?
– ఒక పాఠకుడు, టెక్సాస్

జవాబు: ముందు మూడు ముక్కల్లో చెబుతాను, మీరు కౌంటర్ దగ్గర నిలబడి చదువుతున్నారేమో. సొంత ప్రైమ్ ఖాతాతో పెట్టకండి. యాంటెన్నాకు వచ్చేరోజు ఒకే టీవీలో, ఉచితంగా పెట్టుకోండి. 10 డాలర్ల ఎంట్రీ మాత్రం ఏ రోజూ వద్దు.

ఆట ఒకటే అయినా, అది మీ టీవీలోకి ఏ దారిన వచ్చిందన్నదాన్ని బట్టి చట్టం మారుతుంది. మీ ప్రశ్నలోని చిక్కంతా అక్కడే ఉంది.

ప్రైమ్ సంగతి చూద్దాం. ‘డబ్బు కడుతున్నాను కదా’ అన్న మాట నా దగ్గరకు వచ్చే ప్రతి హోటల్ యజమానీ అంటాడు. మీ దగ్గర నెలవారీ భోజనం కూపన్లు ఉంటాయనుకోండి. ఒకాయన కూపన్ పుస్తకం కొనుక్కుని, రోజూ ఎనిమిదిమందిని వెంటబెట్టుకొచ్చి ‘డబ్బు కట్టాను కదా’ అంటే మీరేమంటారు? ప్రైమ్ చందా షరతుల్లో వ్యక్తిగత, వాణిజ్యేతర వాడకానికి మాత్రమే అని ఉంటుంది. ఖాతా తెరిచినప్పుడు మీరు ఒప్పుకున్న షరతే అది. చదవకుండా నొక్కామన్నది కోర్టులో నిలిచే వాదన కాదు. హోటల్లో పెట్టిన క్షణానే ఒప్పందం ఉల్లంఘించినట్లు. దాని పైన కాపీరైట్ ప్రశ్న వేరే ఉంది. జనం వచ్చిపోయే చోట ప్రసారాన్ని చూపించడం అమెరికా చట్టంలో బహిరంగ ప్రదర్శన కిందికి వస్తుంది. ఆ హక్కు కాపీరైట్ యజమానిదే.

వ్యాపార స్థలాలకు వేరే దారి ఉంది. అమెజాన్ 2022లో గురువారం ఆటలను పూర్తిగా తన చేతుల్లోకి తీసుకున్నప్పుడే, బార్లకూ హోటళ్లకూ చేర్చే పనిని ఉపగ్రహ టీవీ కంపెనీ డైరెక్‌టీవీ వ్యాపార విభాగానికి అప్పగించింది. ఆ చందా ధర హాల్లో ఎంతమంది పడతారన్నదాన్ని బట్టి ఉంటుంది. ఈ సీజన్‌కు ఎవరి ద్వారా ఇస్తున్నారో, మీ హాలుకు ఎంతో కాగితం మీద అడిగి తీసుకోండి. వారానికి ఒక్క ఆట కోసం అది గిట్టుబాటవుతుందా అన్నది మీ లెక్క, నాది కాదు.

ఇక మీ మిత్రుడు చెప్పింది నిజమే. ఈ ఆటలు నడిపే లీగ్ ఎన్ఎఫ్ఎల్ చాలాకాలంగా పాటిస్తున్న పద్ధతి ఒకటి ఉంది: కేబుల్లోనో ఇంటర్నెట్‌లోనో మాత్రమే వచ్చే ఆటను, ఆ రోజు ఆడే రెండు జట్ల సొంత ప్రాంతాల్లో ఒక మామూలు స్టేషన్‌లో కూడా ఇస్తారు. కౌబాయ్స్ ఆడే గురువారం డాలస్ ప్రాంతంలో యాంటెన్నా పెట్టిన ఎవరికైనా ఆట కనబడుతుంది. మరుసటి గురువారం వేరే రెండు జట్లు ఆడితే కనబడదు. ఇంకొక సంగతి: గురువారం వచ్చే ప్రతి ఆటా అమెజాన్‌ది కాదు. సీజన్ తొలి గురువారం ఆట సాధారణంగా ఎన్‌బీసీలో వస్తుంది. థాంక్స్‌గివింగ్ గురువారం మధ్యాహ్నం కౌబాయ్స్ ఆడే ఆట కూడా మామూలు నెట్‌వర్కుల్లోనే. సోమవారం రాత్రి ఆట 2006 నుంచి ఈఎస్‌పీఎన్‌ది. అందులో చాలా ఆటలు ఇప్పుడు ఏబీసీలోనూ వస్తున్నాయి. ఏబీసీలో వచ్చిన సోమవారం యాంటెన్నా చాలు. ఈఎస్‌పీఎన్‌లో మాత్రమే వస్తే ఇంటి కేబుల్ చందాతో హోటల్లో పెట్టకూడదు.

యాంటెన్నాకు వచ్చింది కదా అని ఇష్టం వచ్చినట్లు చూపించడానికి లేదు. కాపీరైట్ చట్టంలోని 110(5) సెక్షన్ మీకు ఒక మినహాయింపు ఇస్తుంది. దాని మొదటి భాగం సారాంశం: మామూలుగా ఇళ్లలో వాడే రకం పరికరం ఒక్కటి పెట్టి, చూసినందుకు నేరుగా డబ్బు తీసుకోకుండా, ఆ ప్రసారాన్ని మరో చోటికి పంపకుండా చూపిస్తే ఉల్లంఘన కాదు. ‘ఒక్కటి’ అన్న మాట గుర్తుంచుకోండి. మీ హాల్లోని టీవీ నుంచి వైరు చీల్చి ఫ్యామిలీ గదికి తీసుకెళ్తే ఆ మాట దాటినట్లే. ఆ 43 అంగుళాల టీవీలో ఆ రాత్రికి పాత సినిమా పాటలు పెడదామనుకుంటున్నారేమో, వాటికీ హక్కుదారులున్నారు. ఆపేయడమే మేలు.

‘ఇళ్లలో వాడే రకం’ అన్నదానికీ ఒక కథ ఉంది. 1980లలో సెయింట్ లూయిస్‌లో టిక్కెట్లు పూర్తిగా అమ్ముడుపోని ఆటలను స్థానికంగా టీవీలో ఆపేసేవారు. కొన్ని బార్లు పెద్ద డిష్‌లు పెట్టి ఆకాశం నుంచి ఆ సిగ్నల్‌ను పట్టి కస్టమర్లకు చూపించాయి. ఎన్ఎఫ్ఎల్ కోర్టుకు వెళ్లింది. అప్పట్లో అలాంటి డిష్‌లు ఇళ్లలో మామూలు కావు కాబట్టి మినహాయింపు వర్తించదని ఎనిమిదో సర్క్యూట్ కోర్టు (ఫెడరల్ అప్పీళ్ల కోర్టు) 1986లో తేల్చింది. మీ 65 అంగుళాల టీవీకి ఆ భయం లేదు, ఈ రోజుల్లో అది ఏ డ్రాయింగ్ రూములోనైనా ఉంది. గోడంత తెర, ప్రొజెక్టరు పెడితే మాత్రం అనవసరంగా వాదనకు తావిచ్చినట్లవుతుంది.

ఇక్కడ మీకు ఎవరో ఒకరు 55 అంగుళాల మాట చెబుతారు. ‘తెర 55 దాటితే కేసు’ అని. 2007లో ఇండియానాపొలిస్‌లో ఒక చర్చి సూపర్ బౌల్ (లీగ్ ఫైనల్) ఆటను పెద్ద తెర మీద చూపబోతే ఎన్ఎఫ్ఎల్ ఇలాగే అభ్యంతరం చెప్పింది. అందరూ నవ్విపోయాక మరుసటి ఏడాది పట్టు సడలించింది. చట్టం అక్షరం చూస్తే 55 అంగుళాలు, నాలుగు టీవీలు, ఆరు స్పీకర్లు అన్న లెక్కలు 110(5) రెండో భాగంలో ఉన్నాయి. అవి ప్రసారంలో వినిపించే సంగీతానికి సంబంధించినవి. అదీ 3,750 చదరపు అడుగులు, ఆ పైన ఉన్న హోటళ్లకే. మీది 2,400 కాబట్టి ఆ టేపు కొలతల బాధ లేదు. ఆటకు మాత్రం మొదటి భాగమే దిక్కు.

10 డాలర్ల సంగతికి వద్దాం. బజ్జీలకు తీసుకుంటున్నాను, ఆటకు కాదు అంటారు మీరు. కానీ గుమ్మం దగ్గర డబ్బు కట్టనిదే లోపలికి రానివ్వకపోతే, అది ఆట ఉన్న రాత్రే జరిగితే, జడ్జి దాన్ని బజ్జీల ధర అని నమ్మడు. ‘నేరుగా రుసుము’ పడిన మరుక్షణం యాంటెన్నా మినహాయింపు కూడా పోతుంది. ప్లేటు బజ్జీలు రోజూ ఎంతకు అమ్ముతారో ఆ రోజూ అంతకే అమ్మండి. ఎవరైనా కాఫీ ఒక్కటే తాగి రెండు గంటలు కూర్చుంటే కూర్చోనివ్వండి. కరపత్రం మీద కౌబాయ్స్ నక్షత్రం గుర్తు, లీగ్ ముద్ర వేయకండి. అది ట్రేడ్‌మార్క్ గొడవ, ఇంకొక లీగల్ నోటీసుకు దారి.

ఇలాంటి కేసులు ఎలా పుడతాయో చెబితే మీకు అర్థమవుతుంది. డబ్బు కట్టి చూసే బాక్సింగ్ పోటీల దావాల్లో హక్కుదారులు పంపిన పరిశోధకుల అఫిడవిట్లు చదివాను. అన్నీ ఒకే మూసలో ఉంటాయి. ఒకాయన మామూలు కస్టమరులా వస్తాడు. ఏదో ఒకటి ఆర్డరు చేస్తాడు. ఎన్ని గంటలకు లోపలికి వచ్చాడో, ఎన్ని టీవీలున్నాయో, ఏ టీవీ ఏ గోడ మీద ఉందో, తెర మీద ఏ రౌండు నడుస్తోందో రాసుకుంటాడు. తలలు మూడుసార్లు లెక్కపెడతాడు. గుమ్మం దగ్గర డబ్బు తీసుకున్నారా లేదా అన్నదానికి ప్రత్యేకంగా ఒక గడి ఉంటుంది. బయట పార్కింగ్‌లో కార్ల ఫోటో తీసి వెళ్లిపోతాడు. మీ మసాలా దోసె బాగుందో లేదో మాత్రం ఎక్కడా రాయడు.

మొత్తాలు కూడా తెలుసుకోండి. కాపీరైట్ ఉల్లంఘనకు చట్టం నిర్ణయించిన నష్టపరిహారం ఒక్కో కృతికి 750 నుంచి 30,000 డాలర్లు. తెలిసే చేశారని తేలితే 1,50,000 వరకు. ఉపగ్రహ సిగ్నల్‌ను అనుమతి లేకుండా వాడితే కమ్యూనికేషన్స్ చట్టంలోని 605 సెక్షన్ కింద 1,000 నుంచి 10,000. లాభం కోసం కావాలని చేస్తే అదనంగా 1,00,000 వరకు. కేబుల్‌కు వేరే సెక్షన్ ఉంది, మొత్తాలు కొంచెం తక్కువ. అచ్చంగా ఇంటర్నెట్ ద్వారా వచ్చే ప్రసారానికి ఈ సిగ్నల్ చట్టాలు వర్తిస్తాయా అన్నదాని మీద కోర్టుల మధ్య ఏకాభిప్రాయం లేదు. అయితే ఆ చర్చ మీ హోటల్ ఖర్చుతో జరగాలని నేను కోరుకోను.

అన్నయ్యగారి మెస్సు గురించి రెండు మాటలు. భారత కాపీరైట్ చట్టం, 1957లోని 37వ సెక్షన్ ప్రసార సంస్థకు 25 ఏళ్ల హక్కు ఇస్తుంది. డబ్బు తీసుకుని ప్రసారాన్ని జనానికి చూపించడం ఆ హక్కును కాజేయడమే అని అందులోనే ఉంది. ఆయన టిక్కెట్టు పెట్టడం లేదు కాబట్టి ఆ సెక్షన్ దగ్గర కొంత ఊపిరి ఉంది. ఇంటి చందాతో మెస్సులో చూపిస్తున్నారా అన్నది వేరే ప్రశ్న. అక్కడా వాణిజ్య చందాదారు అన్న వర్గం ఉంది. ఎవరూ అడగలేదన్నది అదృష్టమే, అనుమతి కాదు.

మీ చివరి సందేహం నాకు ఇష్టమైనది. జట్లన్నీ కలిసి ప్రసార హక్కులను ఒకే మూటగా అమ్మడం మొదట్లో చట్టవిరుద్ధమే. 1961లో ఎన్ఎఫ్ఎల్ అలా సీబీఎస్‌తో ఒప్పందం చేసుకుంటే ఫిలడెల్ఫియాలో జడ్జి అలన్ గ్రిమ్ అది చెల్లదన్నారు. లీగ్ కమిషనర్ పీట్ రోజెల్ నేరుగా కాంగ్రెస్ గుమ్మం తొక్కారు. కొన్ని వారాల్లోనే అలా మూటగా అమ్మడానికి రక్షణ ఇస్తూ క్రీడా ప్రసారాల చట్టం వచ్చింది, ఆ సెప్టెంబర్ 30న కెన్నెడీ సంతకం చేశారు. ఆ మరుసటి ఏడాది సీబీఎస్ లీగ్‌కు ఏటా 46.5 లక్షల డాలర్లు ఇచ్చింది. ఇప్పుడు ఒక్క గురువారం రాత్రికే అమెజాన్ ఏటా సుమారు 100 కోట్ల డాలర్లు ఇస్తోందని, ఒప్పందం 2033 సీజన్ దాకా ఉందని వార్తలు.

ఆట గురువారమూ సోమవారమూ ఎందుకు వస్తుందో కూడా ఆ చట్టంలోనే ఉంది. సెప్టెంబర్ రెండో శుక్రవారం నుంచి డిసెంబర్ రెండో శనివారం దాకా, శుక్రవారం సాయంత్రం 6 తర్వాత గానీ శనివారం గానీ, హైస్కూలు, కాలేజీ ఆటలు జరిగే చోటికి 75 మైళ్ల లోపలి స్టేషన్ల నుంచి ప్రొఫెషనల్ ఆట ప్రసారం చేస్తే ఈ రక్షణ ఉండదు. శుక్రవారం సాయంత్రం మీ ఊళ్లో హైస్కూలు మైదానం వైపు బారులు తీరే కార్లను చూసే ఉంటారు. ఆ మైదానాలు ఖాళీ కాకూడదనే ఆ నిబంధన. 2023లో థాంక్స్‌గివింగ్ మర్నాటి శుక్రవారం ఆటను అమెజాన్ తూర్పు కాలమానం ప్రకారం మధ్యాహ్నం 3కు పెట్టింది. 2024లో బ్రెజిల్‌లో పెట్టిన ఆటను సెప్టెంబర్ 6న, అంటే నెలలో మొదటి శుక్రవారం రాత్రి ఆడించారు. లీగ్ లాయర్లు క్యాలెండరు దగ్గర పెట్టుకుని పనిచేస్తారు.

అయితే ఆ 1961 రక్షణ చందా కట్టి చూసే ప్రసారాలకు వర్తిస్తుందా? ఉపగ్రహ చందా ప్యాకేజీకి వర్తించదని మూడో సర్క్యూట్ కోర్టు 1999లో అంది. ఆదివారం ఆటల ప్యాకేజీ మీద వేసిన దావాలో 2024 జూన్‌లో లాస్ ఏంజెలెస్ జ్యూరీ సుమారు 470 కోట్ల డాలర్ల నష్టపరిహారం ప్రకటించింది. ఆగస్టులో జడ్జి ఫిలిప్ గుటియరెజ్ ఆ తీర్పును కొట్టేశారు, వాదులు అప్పీలుకు వెళ్లారు. కాబట్టి మీ అనుమానం గాలి మాట కాదు. కాకపోతే రేపు అమెజాన్ ఒప్పందమే చెల్లదని ఏ కోర్టయినా అన్నా, దానివల్ల మీ ప్రైమ్ ఖాతా హోటల్ లైసెన్సుగా మారిపోదు.

ఇప్పటికే ఒకటి రెండు గురువారాలు పెట్టేసి ఉంటే, ఎంట్రీ బోర్డు తీసేసి మళ్లీ పెట్టకుండా ఉండండి. ఎవరి నుంచైనా ఉత్తరం వస్తే ఫోన్లో మాట్లాడి సర్దుకుందామని చూడకండి. ఆ రాత్రి బిల్లులు, చందా రసీదులు అలాగే ఉంచండి, ఏదీ చెరిపేయకండి. ఫెడరల్ కోర్టు సమన్లు చేతికి అందితే సాధారణంగా 21 రోజుల్లో జవాబు దాఖలు చేయాలి. ఈ రకం దావాల్లో ఎక్కువ హోటళ్లు ఓడేది విచారణలో కాదు, జవాబే ఇవ్వక ఏకపక్ష తీర్పు పడి. ఆ కవరు తీసుకుని అదే వారం డాలస్‌లో మీకు దగ్గరున్న లాయరును కలవండి.