బెజవాడ ఎండ చూశాం కదా అని డెత్ వ్యాలీకి బయల్దేరకండి

ప్రశ్న: అంకుల్, ఎమ్మెస్‌కి ఆగస్టులో లాస్ ఏంజెలెస్ వెళ్తున్నా. సెప్టెంబరు మొదట్లో వచ్చే లేబర్ డే సెలవుల్లో నలుగురం కారు అద్దెకు తీసుకుని కాలిఫోర్నియా ఎడారిలోని డెత్ వ్యాలీ పార్కుకి వెళ్ళి, వాటంతట అవే నడిచే రాళ్ళు చూద్దామనుకుంటున్నాం. ఎండ గురించి మాకు చెప్పక్కర్లేదు, పటమట వాళ్ళం. ఇంకేమైనా జాగ్రత్తలున్నాయా?

జవాబు: పటమట వాళ్ళమన్న ముక్క దగ్గర నవ్వొచ్చింది బాబూ. 2006 జూన్‌లో డెత్ వ్యాలీకి బయల్దేరుతూ నేనూ ఇదే అన్నాను. మాది సత్యనారాయణపురం. రోళ్ళు పగిలే రోహిణి కార్తెలో బీసెంట్ రోడ్డంతా తిరిగి, చెరుకురసం తాగి ఇంటికొచ్చినవాళ్ళం, మనకి ఎండేంటి అన్నాను. నా రూమ్మేట్‌ది గుంటూరు. మే నెలలో మా మిర్చి యార్డులో పది నిమిషాలు నిలబడినవాడికి ఇదో లెక్కా అన్నాడు.

అక్కడ ఎండ వేరు. బెజవాడలో చొక్కా తడిసి ఒంటికి అంటుకుంటుంది, ఇక చాలు లోపలికి పద అని ఒళ్ళే చెబుతుంది. అక్కడ చెమట పట్టింది పట్టినట్టే ఆరిపోతుంది. చొక్కా పొడిగా ఉంటుంది, నీకేం కాలేదనుకుంటావు. నాకు తల తిరగడం మొదలయ్యాక చూసుకుంటే చంకల దగ్గర తెల్లగా ఉప్పు చార. 1913 జూలై 10న అక్కడి ఫర్నెస్ క్రీక్‌లో 56.7 డిగ్రీలు నమోదైంది. బ్యాడ్‌వాటర్ అనే చోట నేల సముద్రమట్టానికి 282 అడుగుల కింద ఉంటుంది. చుట్టూ కొండలు. వేడెక్కిన గాలి పైకి లేచి, బయటికి పోలేక మళ్ళీ కిందికే దిగి ఇంకా కాగుతుంది. అక్కడ కారు దిగి ఎదురుగా కొండ మీదికి తలెత్తి చూడు, ఎక్కడో పైన 'సముద్రమట్టం ఇక్కడ' అని చిన్న బోర్డు కనిపిస్తుంది. మనం నిలబడ్డది దానికి అంత కింద.

కళ్ళు కూడా మోసం చేస్తాయి. రోడ్డు మీద నీళ్ళు మెరుస్తాయి, దగ్గరికెళ్తే ఉండవు. నేలనంటిన వేడిగాలిలో వెలుగు వంగి, ఆకాశమే నీళ్ళలా కనబడుతుంది. ఇసుక దిబ్బలు పది నిమిషాల నడకే అనిపిస్తాయి. చెట్టూ స్తంభమూ లేనిచోట దూరం కొలవడానికి కంటికి ఏం దొరుకుతుంది? మేం నలభై నిమిషాలు నడిచి, సగం నుంచే తిరిగొచ్చాం. హవాయి చెప్పులతో మాత్రం దిగకండి. 2024 జూలైలో ఒక బెల్జియం టూరిస్టు ఆ ఇసుకలోనే చెప్పులు పోగొట్టుకుంటే అరికాళ్ళు కాలిపోయాయి. ఆ వేడికి గాలి పలచబడి హెలికాప్టర్ కూడా అక్కడికి దిగలేకపోయింది. అమెరికాలో హెలికాప్టర్ ఎక్కితే బిల్లు ఎంతవుతుందో ఎవరినైనా అడుగు, నిద్ర పట్టదు.

అసలు సంగతి బిల్లే. మీరు చూడాలనుకుంటున్న రాళ్ళు రేస్‌ట్రాక్ అనే ఎండిన చెరువులో ఉన్నాయి. ఒక పాత అగ్నిపర్వత బిలం దగ్గర తారురోడ్డు వదిలితే, అక్కడి నుంచి 27 మైళ్ళు కంకర దారి. మాది అద్దె కారు, మామూలు సెడాన్. కాగితాల్లో తారు లేని దారిలో వెళ్తే బీమా వర్తించదని ఉంది. నేను చదవలేదు, సంతకం పెట్టా. మీరు చదవండి. ఇరవై అయిదేళ్ళలోపు వాళ్ళకి అదనపు ఫీజు కూడా వేస్తారు, అదీ చూసుకోండి.

పదో మైలు దాటాక మొదటి టైరు పోయింది. స్టెప్నీ తీస్తే బుల్లిది, బొమ్మ టైరులా ఉంది. వెనక్కి తిరిగి ఉంటే బతికిపోయేవాళ్ళం. ఇంత దూరం వచ్చాం కదా అని గుంటూరువాడు, అవును కదా అని నేను. టీకెటిల్ జంక్షన్ అని ఒక బోర్డు వస్తుంది, వచ్చినవాళ్ళు టీ కెటిళ్ళు తగిలించి పోతారు. వాటితో ఫొటోలు దిగి, మైలు వెళ్ళామో లేదో రెండోది కూడా పేలింది. ఫోన్‌కి సిగ్నల్ లేదు. నాలుగు సీసాల నీళ్ళు, ఒక పులిహోర డబ్బా. రాత్రి కార్లోనే. తెల్లారి జీపులో వచ్చిన ముసలి జంట ఒకరిని ఎక్కించుకెళ్తే, సాయంత్రానికి టో బండి వచ్చింది.

టో బండికి 1,050, రెండు టైర్లకు 230, అదనపు రోజు అద్దె 120. మొత్తం 1,400 డాలర్లు. అప్పటి రేటుకి అరవై మూడు వేల పైమాటే. నాన్న గవర్నర్‌పేటలో బట్టల షాపు గుమాస్తా, ఆయనకి అది దాదాపు ఏడాది జీతం. కార్డు నాది కాబట్టి కోత నాకే. ఆర్నెల్లు అన్నం, పెరుగు, ఆవకాయ. అయినా ఇంటికి పైసా అడగలేదు, ఒక్క నెల అద్దె ఎగ్గొట్టలేదు. ఈ కాలం పిల్లలు చేయగలరా అంటే నాకు అనుమానమే. గుంటూరువాడు తన వాటాలో 200 ఇంకా ఇవ్వాలి, ఈమధ్యే ఇల్లు కొన్నాడు.

ఇంతకీ ఆ రాళ్ళు వేసవిలో కదలవు. మేం వెళ్ళేనాటికి అవెలా నడుస్తాయో ఎవరికీ తేలలేదు, అయస్కాంతమని నేను, దెయ్యమని వాడు. 2013 డిసెంబరులో రిచర్డ్ నారిస్ అనే శాస్త్రవేత్త బృందం కళ్ళారా చూసింది, 2014లో ప్రకటించింది. వాన పడి నిలిచిన నీళ్ళ మీద రాత్రి అద్దం పలకంత సన్నటి మంచు కడుతుంది, పొద్దెక్కాక అది విరిగి, చిన్న గాలికే రాళ్ళని మెల్లగా తోస్తుంది. సెప్టెంబరులో మీకు కనబడేది బురద మీద ఎండిపోయిన గీతలే. వాటికోసం 1,400 పెడతావా?

వెళ్ళాలనే ఉంటే జనవరిలో వెళ్ళండి. రేస్‌ట్రాక్‌కి అయితే ఎత్తయిన జీపు అక్కడే దొరుకుతుంది, నలుగురు పంచుకుంటే టో బండి కంటే చౌక. పెట్రోలు పార్కులో కొనకండి, బయటే నింపుకోండి. మనిషికి రోజుకి నాలుగు లీటర్ల నీళ్ళు. ప్రవేశ ఫీజులు, దారుల సంగతి పార్కు వెబ్‌సైట్‌లో ఉంటాయి.

ఇంకో మాట. సెలవులకి వచ్చి సత్యనారాయణపురం ఇంట్లోనే కూర్చుని ఇది రాస్తున్నా, నాన్న పక్క గదిలో ఉన్నారు. అప్పట్లో ఫోన్‌లో "రాళ్ళు చూడ్డానికి ఎంతయిందిరా" అని అడిగితే అరవై డాలర్లన్నాను. ఆయనకి ఇది చూపించకు.