ఎపిసోడ్ డబ్బు వేరు, జీతం వేరు

ప్రశ్న: మాది శ్రీకాకుళం, వయసు 34. హైదరాబాద్‌లోని ఒక నిర్మాణ సంస్థకి ఇంటి నుంచే టీవీ క్రైమ్ సీరియల్ రాస్తున్నాను. ఎపిసోడ్‌కి 15,000 రూపాయలు, నెలకి నాలుగు రాస్తాను. డబ్బు రావడానికి రెండు మూడు నెలలు పడుతోంది. ఇంటి ఖర్చు 32,000. నెలకి 14,000 ఈఎంఐతో కారు తీసుకోవచ్చా?

జవాబు: అరవై వేలలో ఖర్చు పోగా మిగిలేది 28,000, అందులో సగం కారుకి అని లెక్క వేసుకున్నట్టున్నారు. అది జీతగాడి లెక్క.

సీరియల్ రచనలో ఖాళీ నెలలు తప్పవు. స్లాట్ మారినా, రేటింగ్ పడినా షెడ్యూల్ ఆగిపోతుంది. అందుకే ఏడాదికి 48 కాదు, 36 ఎపిసోడ్లే వేసుకోండి. 5,40,000 వస్తుంది. టీడీఎస్, అంటే డబ్బు ఇచ్చేముందే సంస్థ కోసే పన్ను, 10 శాతం. ఆ 54,000 పోతే 4,86,000. నెలకి 40,500. ఇంటి ఖర్చు పోగా మిగులు 8,500. కారు ఇప్పుడొద్దు. స్టోరీ సిట్టింగ్‌కి, అంటే కథ చర్చకి, హైదరాబాద్ రమ్మంటే ఆమదాలవలసలో రైలెక్కండి.

కోసిన ఆ 54,000 ఎక్కడికీ పోదు. కొత్త పన్ను విధానంలో 12 లక్షల లోపు ఆదాయానికి రిబేటు ఉంది కాబట్టి, వేరే ఆదాయం లేకపోతే రిటర్ను వేయగానే మొత్తం వెనక్కి రావాలి. అయితే బిల్లు మీద పాన్‌లో ఒక్క అక్షరం తప్పినా, సంస్థ టీడీఎస్ వివరాలు దాఖలు చేయకపోయినా రిఫండు చిక్కుల్లో పడుతుంది. మూడు నెలలకోసారి ఆదాయపు పన్ను పోర్టల్‌లో ఏఐఎస్ (మీ పాన్ మీద నమోదైన ఆదాయం, కోసిన పన్ను వివరాల పట్టిక) తెరిచి చూసుకోండి.

రెండు ఖాతాలు పెట్టుకోండి. బిల్లు డబ్బంతా ఒకదాంట్లో పడాలి. అందులోంచి ఒకటో తారీకున 32,000 ఇంటి ఖాతాకి పంపండి, ఎంత వచ్చిన నెలైనా అంతే. మొదటి ఖాతాలో ఆరు నెలల ఖర్చు, 1,92,000 నిండేదాకా వేరే పెట్టుబడి జోలికి పోవద్దు. ఆరోగ్య బీమా మాత్రం ఆగకూడదు, మీకు కంపెనీ పాలసీ ఉండదు కదా. వ్యక్తిగత పాలసీల ప్రీమియం మీద జీఎస్టీ 2025 సెప్టెంబరు 22 నుంచి లేదు.

అసలు చిల్లు ఒప్పందంలో ఉంటుంది. "ప్రసారం తర్వాత చెల్లింపు" అని రాసి ఉందేమో చూడండి. నిజంగా జరిగిన కేసుని పోలిన కథ అయితే లీగల్ అభ్యంతరం వచ్చి ఎపిసోడ్ మూలన పడొచ్చు. అప్పుడు మీరు రాసిందీ పోతుంది, రావలసిందీ పోతుంది. సీన్ ఆర్డర్ (సీన్ల వరుస) ఓకే అయినప్పుడు 30 శాతం, డైలాగ్ వెర్షన్ ఇచ్చిన 30 రోజుల్లో మిగతాది అని అడగండి. మార్పులు రెండుసార్ల వరకే ఉచితం, మూడోసారికి విడిగా డబ్బు అని కూడా రాయించండి. హక్కులు ఎన్నేళ్లకి ఇస్తున్నారో రాయకపోతే చట్టం ప్రకారం ఐదేళ్లకే అనుకోవాలి. సంస్థలు మాత్రం సాధారణంగా "శాశ్వతంగా" అని రాయించుకుంటాయి, సంతకానికి ముందు ఆ వాక్యం వెతకండి.

చిన్న సంస్థల నమోదు కోసం కేంద్ర ప్రభుత్వం నడిపే ఉద్యమ్ పోర్టల్‌లో ఉచితంగా సూక్ష్మ సంస్థగా నమోదు చేసుకోండి. అలా నమోదైనవాళ్లకి, ఒప్పందంలో ఏ గడువు రాసుకున్నా, 45 రోజులు దాటి బకాయి ఉంచకూడదు. దాటితే వడ్డీ పడుతుంది. ఉన్న ఒక్క సంస్థ మీదే ఫిర్యాదుకి వెళ్లమని చెప్పను, తర్వాతి సీరియల్ చేజారొచ్చు. ఉద్యమ్ నంబరు, గడువు తేదీ బిల్లు మీదే వేసి పంపండి. అకౌంట్స్ వాళ్లకి ఆ నంబరు అర్థం ఏమిటో తెలుసు, 45 రోజుల్లోపు కట్టకపోతే ఆ ఖర్చుని ఆ ఏడాది పన్ను లెక్కలో చూపించుకునే వీలు వాళ్లకి పోవచ్చు.